అర్హతుడూ, అప్పులవాడూ

నిర్వాణమనే మాట వినగానే మనలో రెండు తెగలవారు రెండు విధాల తప్పించుకొంటారు. భక్తులు అది మోక్షానికి మరో పేరని తలచి ఒక నమస్కారం పెట్టి ఊరుకొంటారు. అభ్యుదయ పక్షానికి చెందిన మిత్రులు కొందరు అది పలాయనవాదమని ఒక్క మాటతో తేల్చివేసి ఊరుకొంటారు. బౌద్ధులు ఆ మాటతో ఏమి చెప్పదలచినారో విచారించే శ్రమ ఇద్దరూ తీసుకోరు. భక్తుల సంగతి వారికి వదలిపెట్టవచ్చు. మన మిత్రుల తొందరపాటు మాత్రం నాకు సమ్మతం కాదు. బౌద్ధంలో విమర్శించవలసిన భాగం ఉన్నది. అయితే అది వీరు చూపుతున్న చోట లేదు.

మాధవరం పరిసరాల్లో పెరిగినవానికి మోక్షమనేది పుస్తకాల్లోని మాట కాదు. పక్కనే తుంగభద్ర ఒడ్డున మంత్రాలయం ఉన్నది. అక్కడ 1671లో రాఘవేంద్రస్వామి సజీవంగా బృందావన ప్రవేశం చేసినారన్న సంగతి ఈ ప్రాంతంలో చిన్నపిల్లలకు కూడా తెలుసు. మాధ్వ సిద్ధాంతం ప్రకారం ముక్తి పొందిన జీవుడు జీవుడుగానే నిలిచి ఉంటాడు; హరి సన్నిధిలో ఆనందం అనుభవిస్తాడు; ఆ ఆనందంలో కూడా వారి వారి యోగ్యతనుబట్టి తారతమ్యం ఉంటుంది. అంటే అక్కడ ముక్తి ఒక ప్రాప్తి. పొందేవాడు ఒకడు, పొందే వస్తువు ఒకటి, ఇచ్చేవాడు ఒకడు. మన ఊళ్లలో మోక్షాన్ని గురించి మాట్లాడే వారందరి మనసులోనూ, వారు మాధ్వులు కాకపోయినా, ఈ మూడూ ఉంటాయి.

బౌద్ధంలో ఈ మూడూ లేవు. ఇచ్చే దేవుడు లేడు. పొందే ఆత్మ లేదు. పొందే వస్తువు కూడా లేదని చెప్పవలసి వస్తుంది. జంబుఖాదకుడనే పరివ్రాజకుడు సారిపుత్రుణ్ణి నిర్వాణమంటే ఏమిటని అడిగితే, రాగం క్షయం కావడం, ద్వేషం క్షయం కావడం, మోహం క్షయం కావడం అని ఆయన జవాబు. మరి అర్హత్వమంటే ఏమిటని మళ్లీ అడిగినాడు. సారిపుత్రుడు అదే జవాబు అక్షరం మార్చకుండా చెప్పినాడు. ఒకటి మనిషి పొందే సంపూర్ణత. ఇంకొకటి కడపటి విముక్తి. రెండింటికీ ఒకే నిర్వచనం. మనిషి మంచివాడై, ఆ మంచితనానికి బహుమానంగా తరువాత ముక్తి పొందడమన్నది ఇక్కడ లేదు. ఆ మూడూ ఆరిపోవడమే సంపూర్ణత, అదే విముక్తి.

ఆరిపోవడమన్నది ఊరికే అన్న మాట కాదు. నిర్వాణ శబ్దానికి అసలు అర్థమే అది. కన్ను మండుతున్నది, చెవి మండుతున్నది, మనసు మండుతున్నది, రాగద్వేషమోహాలనే మంటతో మండుతున్నదని బుద్ధుడు జటిలులకు బోధించినాడు. నిప్పును పూజించే జటిలులకు నిప్పు ఆర్పడమే గమ్యమని చెప్పడంలో కొంత చమత్కారం కూడా ఉన్నది. చనిపోయిన తరువాత ముక్తుడు ఏమవుతాడని వచ్చగోత్రుడు అడిగినప్పుడు, ఆరిన నిప్పు తూర్పుకు పోయిందా పడమటికి పోయిందా అని బుద్ధుడు ఎదురు ప్రశ్న వేసినాడు. కట్టెలు అయిపోయినవి గనుక ఆరింది. అంతకుమించి అడిగే ప్రశ్నకు అర్థం లేదు. ఇంతకంటే నిరాడంబరమైన మోక్ష సిద్ధాంతం మన దేశంలో వేరొకటి ఉన్నట్టు నాకు తోచదు.

దీన్ని పలాయనమనడానికి ముందు మరో విషయం గమనించాలి. దేహం ఉండగానే కలిగే నిర్వాణం ఒకటి, దేహం పోయిన తరువాతిది ఇంకొకటి అని బౌద్ధులు విభజించినారు. మొదటిది పొందినవాడు మన మధ్యనే తిరుగుతాడు. భిక్షాపాత్ర పట్టుకొని ఇంటింటికీ వస్తాడు. అతనికి నడుము నొప్పి ఉంటుంది, జ్వరం వస్తుంది. బాణం దేహానికి తగులుతుంది. దుఃఖమనే రెండో బాణం మాత్రం మనసుకు తగలదు. అర్హతులు అరవైమంది తయారు కాగానే బుద్ధుడు వారిని ఒక చోట కూర్చోబెట్టలేదు. అనేకుల మేలు కోసం ఒక్కొక్కరు ఒక్కొక్క దారిన పొమ్మని పంపినాడు. తనకంటూ చేసుకోవలసిన పని పూర్తయినవానికి ఇతరుల పని మిగిలింది. ఇది పారిపోవడం కాదు.

అర్హతుడు అంటే తగినవాడు, యోగ్యుడు. ఆ మాట తెలుగులో ‘అర్హత’ అయి, ఈనాడు ఉద్యోగ ప్రకటనల్లో డిగ్రీ సర్టిఫికెట్ల పక్కన కూర్చొన్నది. మాటలకు కూడా కర్మ ఫలం ఉంటుంది కాబోలు.

ఈ యోగ్యుడు ఎంతవరకు యోగ్యుడన్న ప్రశ్నను గట్టిగా పట్టుకొన్నవారిలో మన ఆంధ్రులున్నారు. కథావత్తు అనే పాళీ గ్రంథం పూర్తిగా వాదవివాదాల గ్రంథం. అందులోని అనేక వాదాలు పూర్వశైలీయులవి, అపరశైలీయులవి అని దాని వ్యాఖ్యానం పేర్కొంటుంది; వారిని అంధకులని కూడా అంటుంది. ధాన్యకటకం, అంటే అమరావతి, వారి ప్రధాన స్థానం. అర్హతుని దేహం స్వప్నంలో లోబడవచ్చు, అతనికి అజ్ఞానం ఉండవచ్చు, సందేహం ఉండవచ్చు, ఇతరులు చెబితే తెలుసుకోవలసి రావచ్చు అని వీరి వాదం. దీనిమీద స్థవిరవాదులు మండిపడ్డారు. అయితే వాదం సాగే తీరు చూస్తే తగాదా అంతా ఒక మాట చుట్టూ తిరుగుతుంది. ఎదుటి స్త్రీ పేరో, పురుషుని గోత్రమో, ఏ దారి ఏ ఊరికి పోతుందో, ఒక గడ్డి పేరో, చెట్టు పేరో అర్హతునికి తెలియకపోవచ్చునని ఉభయులూ ఒప్పుకొంటారు. అది అజ్ఞానమేనని శైలీయులు అంటే, పేరు తెలియకపోవడం వేరు, మోహంలో పడటం వేరని స్థవిరులు అంటారు.

తర్కంలో స్థవిరులదే పైచేయి. నాకు నచ్చేది మాత్రం శైలీయుల పక్షం. సంపూర్ణుడు సర్వజ్ఞుడు కూడానని జనం నమ్మిన రోజునుండి, అతడు దారి అడిగే మనిషి కావడం మానేస్తాడు. దారి చూపే అధికారి అవుతాడు. పొలం గట్టు తగాదాలో కూడా అతని మాటే శాసనమవుతుంది. దారి తెలియక పశువుల కాపరిని అడిగే ముక్తుడు నాకు పూజ్యుడుగా కనబడతాడు. ఇక్కడ ఒక విచిత్రం ఉన్నది. అర్హతుణ్ణి నేలమీదికి దించిన మహాసాంఘిక శాఖలవారే కొందరు బుద్ధుణ్ణి లోకోత్తరుణ్ణి చేసి ఆకాశానికెత్తినారు. ఒక పీఠం ఖాళీ చేయించి ఇంకో పీఠం కట్టినట్టయింది.

సిద్ధాంతం ఇంతవరకు బాగున్నది. మరి ఆ స్థితికి పోయే తలుపు ఎవరికి తెరిచినారు?

సామఞ్ఞఫల సూత్రంలో బుద్ధుడు అజాతశత్రువుకు సాధకుని మనసు తేలికపడే తీరును వివరిస్తాడు. అక్కడ వాడిన ఉపమానాలు చూడండి. అప్పు చేసి వ్యాపారం పెట్టినవాడు అప్పు తీర్చుకొని, ఆలుబిడ్డలను పోషించుకొనేంత మిగుల్చుకొంటే ఎంత సంతోషమో అంత సంతోషమట. రోగి కోలుకొన్నట్టు, ఖైదీ విడుదలయినట్టు, దాసుడు దాస్యం వదలించుకొని తన ఇష్టమొచ్చిన చోటికి పోగలిగినట్టు, బాటసారి ఎడారి దాటినట్టు ఉంటుందట. ఈ అయిదింటిలో అప్పూ, చెరా, దాస్యమూ నేరుగా సంఘానికి సంబంధించినవి. విముక్తి ఎలా ఉంటుందో రాజుకు చెప్పడానికి బుద్ధుడు అప్పులవాణ్ణీ, దాసుణ్ణీ సాక్ష్యానికి పిలిచినాడు. విడుదల రుచి వారికి తెలిసినట్టు మరెవరికీ తెలియదని ఆయన గ్రహించినాడు.

ఇక వినయ పిటకంలోని మహావగ్గం తెరవండి. ఒక ఋణగ్రస్తుడు పారిపోయి వచ్చి భిక్షువయినాడు. అప్పిచ్చినవారు అతన్ని గుర్తుపట్టి పట్టుకోబోయినారు. శాక్యపుత్రుని వద్ద ప్రవ్రజ్య పుచ్చుకొన్నవారి జోలికి పోగూడదని బింబిసారుని ఆజ్ఞ ఉండటంతో వదలిపెట్టక తప్పలేదు. జనం గొణిగినారు. ఆ గొణుగుడు బుద్ధుని చెవిన పడింది. ఋణగ్రస్తులకు ప్రవ్రజ్య ఇవ్వగూడదని నియమం వచ్చింది. దాసుని విషయంలోనూ ఇదే కథ, ఇదే నియమం. రాజుగారి కొలువులోని సైనికులు యుద్ధానికి పోకుండా భిక్షువులవుతుంటే సేనానులు మొరపెట్టుకొన్నారు; వారికీ తలుపు మూసినారు.

ఉపమానంలోని దాసునికి విడుదల దొరికింది. నిజమైన దాసుణ్ణి మాత్రం వాకిట్లోనే ఆపినారు.

దీనికి బుద్ధుణ్ణి ఒక్కణ్ణే తప్పుపట్టడం సులభమేగాని చరిత్ర దృష్టితో చూస్తే న్యాయం కాదు. పారిపోయి వచ్చిన ప్రతి దాసునికీ ఆశ్రయమిచ్చే సంఘాన్ని మగధలోని గృహపతులూ రాజులూ ఒక్క ఏడు కూడా బ్రతకనిచ్చేవారు కారు. అనాథపిండికుని ఇంట పుణ్ణిక అనే దాసీ కూతురు ఉండేది. యజమానురాలి దెబ్బలకు భయపడి చలికాలంలో కూడా నీళ్లు మోసేది. ఆమె తరువాత అర్హతురాలయింది. థేరీగాథల్లో ఆమె గాథ ఉన్నది. అయితే వ్యాఖ్యానం చెప్పే వరుస గమనించండి: ముందు అనాథపిండికుడు ఆమెను దాస్యం నుండి విడిచిపెట్టినాడు, ఆ తరువాతే ఆమె భిక్షుణి అయింది. ప్రాపంచిక విముక్తి ముందు, పారమార్థిక విముక్తి వెనుక. మన భౌతికవాద మిత్రులు చెప్పవలసిన మాటను బౌద్ధ గ్రంథమే చెప్పింది. ఆ మొదటి విముక్తి యజమాని దయమీద ఆధారపడటమే ఇందులోని లోటు.

ఇల్లు విడువలేనివారి సంగతి మరోలా తేలింది. గృహస్థు అర్హత్వం పొందవచ్చుగాని, పొందితే ఆ దినమే ప్రవ్రజ్య పుచ్చుకోవాలి, లేదా ఆ దినమే గతించాలి అని మిళిందపఞ్హ నిర్ణయం. దున్నేవాడు, నేసేవాడు సంపూర్ణుడై కూడా మళ్లీ దున్నుతూ, నేస్తూ ఉండటం ఆ గ్రంథకర్త ఊహకు అందలేదు. వారికి మిగిలింది దానం, దానివల్ల పుణ్యం, పుణ్యంవల్ల స్వర్గం.

ఆ స్వర్గం మాట రాళ్లమీద మన కర్నూలు జిల్లాలోనే ఉన్నది. తుగ్గలి మండలం ఎర్రగుడి దగ్గర గుట్ట బండలమీద అశోకుని ధర్మలిపులున్నాయి. పత్తికొండ వైపు రాజులమందగిరిలో ఉన్నాయి. పొరుగున రాయచూరు జిల్లా మస్కిలో, బళ్లారి జిల్లా నిట్టూరు, ఉడేగోళంలలో ఉన్నాయి. క్రీస్తు పూర్వం 3వ శతాబ్దంలో ఈ ప్రాంతపు జనానికి అందిన బౌద్ధం ఇదే. తలిదండ్రుల మాట వినండి, ప్రాణులమీద దయ చూపండి, నిజం చెప్పండి అని ఎర్రగుడి శాసనం. దాన్ని జానపదులకు భేరి వేసి చాటించమని అధికారులకు ఉత్తరువు. గొప్పవారు మాత్రమే గాదు, అల్పుడు కూడా పూనికతో పాటుపడితే స్వర్గం పొందగలడని హామీ. ఈ హామీలో ఔదార్యం లేకపోలేదు. కాని చక్రవర్తి ధర్మలిపులన్నీ వెదకినా నిర్వాణమనే మాట దొరకదు. శాసనాల్లో కనిపించే పన్ను తగ్గింపు బుద్ధుడు పుట్టిన లుంబినీ గ్రామానికి లభించింది. పన్నెంతో చెప్పకుండా ఇటువైపు వారికి స్వర్గం లభించింది.

అయిదు వందల ఏండ్లు గడిచినాయి. నాగార్జునకొండలో ఇక్ష్వాకు రాజు వీరపురుషదత్తుని మేనత్త చాంతిసిరి మహాచైత్యానికి స్తంభాలు నిలిపింది. లోకమంతటికీ హితసుఖాలు కలగాలని, తనకు నిర్వాణ సంపద కలగాలని శాసనం చెక్కించింది. లోకానికి హితం కోరడం మంచి మనసే. కాని నిర్వాణం ‘సంపద’ అయిపోవడం చూడండి. తృష్ణ ఆరిపోవడమన్నది దానం చేసి సంపాదించుకొనే ఆస్తి అయింది. శ్రీపర్వతంలో నివసించినాడని సంప్రదాయం చెప్పే నాగార్జునుడు, సంసారానికీ నిర్వాణానికీ రవంత భేదం కూడా లేదని వాదించినది ఈ ఆస్తి దృష్టిమీద కొట్టిన దెబ్బ అని నేను అనుకొంటాను. నిర్వాణం వేరే చోట ఉన్న వస్తువు కాదన్నప్పుడు దాన్ని కొనడమెలాగ?

ఆధునిక కాలంలో ఈ ప్రశ్నను సూటిగా వేసినవాడు అంబేద్కర్. ఆయన మరణానంతరం 1957లో వెలువడిన ‘బుద్ధుడు, ఆయన ధర్మం’ గ్రంథ పీఠికలో భిక్షువు అంటే ఎవరని నిలదీసినాడు: సంపూర్ణ మానవుడా, సంఘసేవకుడా? సంపూర్ణుడు మాత్రమే అయితే అతడు స్వార్థపరుడే, అతనివల్ల బౌద్ధానికి ప్రయోజనం లేదని, సంఘసేవకుడయితే బౌద్ధానికి ఆశ ఉన్నదని ఆయన అభిప్రాయం. 1956 అక్టోబరు 14న నాగపూరులో ఆయన తాను దీక్ష పుచ్చుకొని, గృహస్థుడయి ఉండి కూడా లక్షలాది గృహస్థులకు తానే దీక్ష ఇచ్చినాడు. మిళిందపఞ్హ గీసిన గీతను దాటిన పని అది. అయితే సంపూర్ణుడూ సేవకుడూ వేరు వేరని ఆయన చేసిన విభజన నాకు పూర్తిగా పొసగలేదు. రాగద్వేషమోహాలు ఆరినవాడికి స్వార్థం మిగలడానికి చోటెక్కడ? లోపం ఆ నిర్వచనంలో లేదు; ఎవరిని లోపలికి రానివ్వాలో నిర్ణయించిన వినయంలో ఉన్నది.

ఆ నియమం గతకాలపు సంగతి కూడా కాదు. సింహళంలోనూ, బర్మాలోనూ, థాయిలాండులోనూ ఉపసంపద వేళ అభ్యర్థిని ఈనాటికీ కొన్ని ప్రశ్నలు అడుగుతారు. నీవు స్వతంత్రుడివేనా? రాజసేవకుడివి కావు గదా? తలిదండ్రుల అనుమతి ఉన్నదా? ఋణం లేనివాడివేనా? మా వైపు కోసిగి, మంత్రాలయం, ఆదోని, ఎమ్మిగనూరు పల్లెల నుండి ఏటా ఇళ్లకు తాళాలు వేసి, పిల్లలతో సహా గుంటూరు, పల్నాడు మిరప చేలకు సుగ్గికి పోయేవారున్నారు. అమరావతి స్తూపం, నాగార్జునకొండ ఆ దిక్కునే ఉన్నాయి. బయలుదేరేముందే అడ్వాన్సు పుచ్చుకొన్నవారు ఆ చివరి ప్రశ్నకు అవునని జవాబు చెప్పలేరు.