171 ఓట్లు ఎవరివి?

ఎన్నికల ఫలితాలు వచ్చిన సాయంత్రం ఏ ఎస్టీ కాలనీకి పోయినా, ఏ తండాకు పోయినా ఒక మాట వినబడుతుంది: "మా ఓట్లతోనే గెలిచినాడు." మెజారిటీ ఎంత తక్కువైతే ఆ మాట అంత గట్టిగా వినబడుతుంది. అందులో గర్వముంది, ఆశ కూడా ఉంది. రేపు రోడ్డుకో నీళ్ళకో ఇంటి పట్టాకో పోయి అడగడానికి అదొక హక్కుపత్రం లాంటిది. అయితే ఆ మాట నిజమేనా అన్నది కూర్చుని ఆలోచించాల్సిన సంగతి.

2018 డిసెంబరులో తెలంగాణ శాసనసభ ఎన్నికలు జరిగాయి. ఎస్టీలకు కేటాయించిన ఆసిఫాబాద్ స్థానంలో కాంగ్రెస్ అభ్యర్థి ఆత్రం సక్కు, అప్పటి ఎమ్మెల్యే, టీఆర్ఎస్ అభ్యర్థి కోవ లక్ష్మిపై 171 ఓట్ల తేడాతో గెలిచారు. ఒకరికి 65,788, ఇంకొకరికి 65,617. ఇద్దరూ ఆదివాసీలే. కొమరం భీం నడిచిన నేల అది. ఈ 171 ఓట్లు ఎవరివి? ఒక గోండు గూడెం మావే అనవచ్చు. ఒక కొలాం గూడెం మావే అనవచ్చు. ఆసిఫాబాద్ పట్టణంలో ఒక వీధి కూడా అనవచ్చు. లెక్క ప్రకారం అందరి మాటా నిజమే, ఎందుకంటే వాళ్ళలో ఎవరి ఓట్లు తీసేసినా ఫలితం తారుమారయ్యేది. అందరికీ సమానంగా చెందే గొప్ప ఏ ఒక్కరి సొంతమూ కాదు. నిండిన కుండలో చివరి చెంబు నీళ్ళే కుండను నింపాయని అంటామా? అడుగున పడిన చెంబు లేకపోతే చివరి చెంబు ఎక్కడ నిలిచేది?

జనవరి 25న జాతీయ ఓటర్ల దినోత్సవం నాడు బడుల్లో మేం పిల్లలకు కొన్ని కథలు చెబుతాం. 1989లో అనకాపల్లి లోక్‌సభ స్థానంలో కొణతాల రామకృష్ణ 9 ఓట్ల తేడాతో గెలిచారు. 2019లో విజయవాడ సెంట్రల్‌లో మల్లాది విష్ణు 25 ఓట్లతో గెలిచారు. 2008లో రాజస్థాన్‌లోని నాథ్‌ద్వారాలో సి.పి. జోషి ఒకే ఒక్క ఓటుతో ఓడిపోయారు. 2004లో కర్ణాటకలోని సంతేమరహళ్ళిలో ఎ.ఆర్. కృష్ణమూర్తి కూడా అంతే, 40,752కు 40,751. ఆయన కారు డ్రైవరుకు పోలింగు రోజు ఓటు వేసి రావడానికి తీరిక ఇవ్వలేదని చెబుతారు. ఇక్కడికి వచ్చేసరికి పిల్లలు గొల్లుమని నవ్వుతారు. "చూశారా, ఒక్క ఓటుకు ఎంత విలువ!" అని ముగిస్తాం.

ఈ కథను డ్రైవరు వైపు నుంచి ఎవరూ చెప్పరు. కథలో నష్టపోయింది యజమాని. కానీ తన ఓటు తాను వేసుకోలేకపోయిన మనిషి డ్రైవరు. పోలింగు రోజు పనివాళ్ళకు జీతం కోయకుండా సెలవు ఇవ్వాలని ప్రజాప్రాతినిధ్య చట్టంలో 135-బి సెక్షన్ చెబుతుంది. తేడా ఒక్క ఓటు కాకుండా పదివేలు అయివుంటే ఆ డ్రైవరుకు జరిగిన అన్యాయం తగ్గేదా? ఏమీ తగ్గేది కాదు, కాకపోతే ఎవరికీ తెలిసేది కాదు. శనగ కోతలకు, పత్తి తీతకు ఊరు దాటిపోయి పోలింగు రోజు తిరిగి రాలేని మనవాళ్ళ సంగతి ఎవరికీ తెలియనట్టే.

ఓటు విలువ మెజారిటీలో ఉందని చెబితే, మా రాజుపాలెం మండలం లాంటి చోట పిల్లలకు ఏం చెప్పాలి? మాది ప్రొద్దుటూరు నియోజకవర్గం. పక్కనే జమ్మలమడుగు, ఆ పైన పులివెందుల. పులివెందులలో 2019లో మెజారిటీ 90,110. 2011 కడప లోక్‌సభ ఉప ఎన్నికలో అయితే అయిదు లక్షల నలభై వేల పైమాటే. కడప జిల్లాలో 2011 జనాభా లెక్కల నాటికి ఎస్టీలు నూటికి ముగ్గురు కూడా లేరు. ఆంధ్రప్రదేశ్‌లో ఎస్టీలకు కేటాయించిన ఏడు శాసనసభ స్థానాల్లో ఒక్కటి కూడా రాయలసీమలో లేదు. మన ఎరుకల, యానాది, సుగాలి ఇండ్లన్నీ ఒక్క మాట మీద నిలబడి ఒక వైపుకే వేసినా అంతటి మెజారిటీ కదలదు. మెజారిటీ సిద్ధాంతం ప్రకారం పులివెందుల యానాది అమ్మ ఓటుకు విలువ సున్నా, ఆసిఫాబాద్ కొలాం అమ్మ ఓటుకు కోటి. ఏ నీతి ఈ లెక్కను ఒప్పుకుంటుంది?

ఒప్పుకునేవాళ్ళు ఒకరున్నారు. ఓటు కొనేవాళ్ళు. వాళ్ళు సరిగ్గా ఇలాగే లెక్క వేస్తారు. పోటీ బిగిసిన చోట రేటు పెరుగుతుంది, గెలుపు ఖాయమైన చోట పలకరింపు కూడా ఉండదు. మన ఓటు ఫలితాన్ని తిప్పుతుంది కాబట్టే విలువైనదని మనమే నమ్మితే, కొనేవాడి తక్కెడను మనమే పట్టుకున్నట్టు.

ఢిల్లీలో ఒకసారి ఇదే లెక్క ఒక గిరిజనుడి మెడకు చుట్టుకుంది. 1999 ఏప్రిల్ 17న వాజపేయి ప్రభుత్వం విశ్వాస పరీక్షలో ఓడిపోయింది. అనుకూలంగా 269, వ్యతిరేకంగా 270. మన రాష్ట్రానికి ఆనుకుని ఉన్న కోరాపుట్ ఎంపీ, సవర తెగకు చెందిన గిరిధర్ గొమాంగో అప్పటికి రెండు నెలల ముందే ఒడిశా ముఖ్యమంత్రి అయ్యారు, లోక్‌సభ సభ్యత్వం వదులుకోలేదు. ఆయన ఓటు వెయ్యవచ్చునా అని సభలో గొడవ జరిగింది. స్పీకర్ జి.ఎం.సి. బాలయోగి, మన అమలాపురం మనిషి, దాన్ని గొమాంగో మనస్సాక్షికే వదిలేశారు. ఆయన పార్టీ చెప్పినట్టు వ్యతిరేకంగా వేశారు. ఆనాటి నుంచి "ప్రభుత్వాన్ని కూల్చిన ఓటు" అంటే గొమాంగోదే అంటారు.

కానీ వ్యతిరేకంగా వేసిన వాళ్ళు 270 మంది. ఓటింగుకు దూరంగా ఉంటామని చెప్పి చివరికి వ్యతిరేకంగా వేసిన బీఎస్పీ సభ్యులున్నారు. సొంత పార్టీ ఆదేశాన్ని కాదన్న సైఫుద్దీన్ సోజ్ ఉన్నారు. ప్రతి ఒక్కరిదీ ఆ ఒక్క ఓటే. అయినా పేరు ఎక్కువగా గొమాంగోకే అంటుకుంది. ముఖ్యమంత్రిగా ఉంటూ ఓటెయ్యడం సబబా అన్నది న్యాయమైన ప్రశ్నే, నేను కాదనను. కానీ తేడా నూరు ఓట్లు అయివుంటే ఆ ప్రశ్న ఎవరైనా ఇన్నేళ్ళు మోసేవారా? మెజారిటీ చిన్నదైతే గొప్ప ఎవరికి వస్తుందో చెప్పలేం గానీ, నింద ఎవరో ఒకరి మీద వాలుతుంది.

ఇక నింద కంటే పెద్ద మాట, బిగిసిన పోటీలో ఖరీదు ఎవరు కడతారన్నది. దీనికి అమెరికా చరిత్ర చూడాలి. అక్కడ అధ్యక్షుణ్ణి జనం నేరుగా ఎన్నుకోరు, రాష్ట్రాలవారీగా ఎలక్టర్లు ఎన్నుకుంటారు. అందుకని పోటీ బిగిస్తే చిక్కులు ఎక్కువ. 1824లో ఆండ్రూ జాక్సన్‌కు అందరికంటే ఎక్కువ ఓట్లు వచ్చాయి గానీ సగం దాటలేదు. ప్రతినిధుల సభ జాన్ క్విన్సీ ఆడమ్స్‌ను ఎన్నుకుంది. తనకు అన్యాయం జరిగిందని నాలుగేళ్ళు ఊరూరా చెప్పి, 1828లో జాక్సన్ గెలిచాడు. సామాన్యుల నాయకుడని పేరు. 1830లో ఆయన తెచ్చిన చట్టం ఏమిటో తెలుసా? ఆదివాసులను మిసిసిపి నదికి పడమటికి తరలించే చట్టం. ప్రతినిధుల సభలో అనుకూలం 102, వ్యతిరేకం 97. అయిదు ఓట్లు! ఆ అయిదు ఓట్ల వెనకాల చెరోకీలు 1838లో సైనికుల కాపలాలో వందల మైళ్ళు నడిచారు. నాలుగు వేల మంది దాకా చనిపోయారని అంచనా. ఆ దారిని కన్నీళ్ళ బాట అంటారు. వాళ్ళలో ఎవరికీ ఓటు లేదు. అమెరికా ఆదివాసులందరికీ పౌరసత్వం వచ్చింది 1924లో. అరిజోనా, న్యూ మెక్సికో రాష్ట్రాలు ఓటుకు అడ్డు తీసింది 1948లో.

1876 ఎన్నిక ఇంకా చిత్రం. మూడు దక్షిణాది రాష్ట్రాల లెక్కలపై తగువు పడింది. పదిహేను మంది కమిషన్ వేస్తే ప్రతిసారీ 8-7గా చీలింది. రూథర్‌ఫర్డ్ హేయ్స్ 185-184తో, ఒక్క ఎలక్టర్ ఓటుతో, అధ్యక్షుడయ్యాడు. పెద్దలు రాజీ పడ్డారు. 1877లో దక్షిణాదిలో నల్లవాళ్ళకు రక్షణగా మిగిలిన సైన్యాన్ని వెనక్కి పిలిచారు. ఆ తర్వాత నల్లవాళ్ళ ఓటు ఒక్కో రాష్ట్రంలో పోతూ వచ్చింది. మళ్ళీ గట్టి చట్టం రావడానికి 1965 దాకా పట్టింది. ఇద్దరు సమానబలులు రాజీ పడేటప్పుడు బల్ల దగ్గర కుర్చీ లేనివాడి సొత్తే బేరానికి పెడతారు. పోలవరం ముంపు మండలాలను 2014లో ఒక రాష్ట్రం నుంచి ఇంకో రాష్ట్రంలో కలిపినప్పుడు అక్కడి కోయ, కొండరెడ్డి ఊళ్ళను ఎవరు అడిగారో గుర్తు చేసుకోండి.

2000లో జార్జ్ బుష్ ఫ్లోరిడాలో 537 ఓట్ల తేడాతో అధ్యక్ష పదవి అందుకున్నాడు. దేశం మొత్తం మీద అల్ గోర్‌కు అయిదు లక్షలకు పైగా ఎక్కువ వచ్చాయి. లెక్కింపు ఆపాలని సుప్రీంకోర్టు 5-4తో చెప్పాక గోర్ ఒప్పుకున్నాడు. ఓడినవాడు ఒప్పుకోవడం పెద్దగుణమే. కానీ ఆ రోజుల్లో ఫ్లోరిడాలో ఒకసారి పెద్ద నేరానికి శిక్షపడితే, శిక్ష తీరినా జీవితాంతం ఓటు ఉండేది కాదు. ఏరివేత జాబితాలో ఏ నేరమూ చెయ్యనివాళ్ళ పేర్లు కూడా పడ్డాయి, అందులో నల్లవాళ్ళు వాళ్ళ జనాభాకు మించి ఉన్నారు. పుట్టుకతోనే నేరస్థులని ముద్రవేసిన 1911 చట్టం కింద, స్టువర్టుపురం లాంటి సెటిల్‌మెంట్లలో హాజరు వేయించుకున్న ఎరుకల తాతల మనవలకు ఈ సంగతి విడమర్చి చెప్పనవసరం లేదు. లోకమంతా 537 చుట్టూ తిరిగింది. జాబితాలోనే లేనివాళ్ళ లెక్క దానికి ఎన్నో రెట్లు.

మళ్ళీ ఆసిఫాబాద్‌కు వద్దాం, కథ అక్కడ అయిపోలేదు. 2019 మార్చిలోనే సక్కు టీఆర్ఎస్‌లోకి వెళ్తున్నట్టు ప్రకటించారు. జూన్‌లో పన్నెండు మంది కాంగ్రెస్ ఎమ్మెల్యేలను టీఆర్ఎస్‌లో విలీనం చేస్తూ స్పీకర్ ఒప్పుకున్నారు. మూడింట రెండు వంతుల మంది పోతే ఫిరాయింపు చట్టం అడ్డురాదు. అంటే, ఓడిన గుర్తుకే గెలిచిన మనిషి చేరాడు. నియోజకవర్గం బాగు కోసమే వెళ్ళానని ఏ నాయకుడైనా అంటాడు. అధికార పార్టీలో ఉంటేనే గూడేలకు పనులవుతాయన్నది కొట్టిపారేసే మాట కాదు, అది మన అనుభవం కూడా. 2023లో అదే స్థానంలో కోవ లక్ష్మి మళ్ళీ గెలిచారు.

అయినా 65,788 మందికి ఆయన బాకీ ఉన్నాడా లేదా? ఉన్నాడనే నేనంటాను. 90 వేల మెజారిటీతో గెలిచినా అంతే బాకీ ఉండేవాడు. ఇంకో మాట కూడా చెప్పాలి. తనకు వెయ్యని 65,617 మందికి కూడా బాకీ ఉన్నాడు, ఎందుకంటే ఎమ్మెల్యే అయింది నియోజకవర్గానికి, గుర్తుకు కాదు. ఈ రెండు బాకీలు ఒకదాన్నొకటి కొట్టేసుకోవు. మొదటివాళ్ళను వదిలి రెండోవాళ్ళను చేరదీసుకుంటే సరిపోదు. వాళ్ళకు ఒక సంజాయిషీ చెప్పి తీరాలి. గూడెం గూడెం తిరిగి చెప్పడమో, రాజీనామా చేసి మళ్ళీ అడగడమో.

బడిలో ఈ చర్చ పెడితే పెద్ద పిల్లలు ఒకటి అడుగుతారు: "మనం ఎవరికి వేసినామో వాళ్ళకు ఎట్లా తెలుస్తుంది సార్?" మనిషిగా తెలియదు. కానీ ఎన్నికల అధికారి ఫారం-20 అనే కాగితంలో బూత్‌ల వారీగా ఎవరికి ఎన్ని ఓట్లు వచ్చాయో ఇస్తారు, ఎవరైనా చూసుకోవచ్చు. ఊళ్ళో ఓట్లు కలిసిపోతాయి. తండాకు సొంత బూత్ ఉంటే తండా మొత్తం బయటపడుతుంది. బూత్‌లను కలిపి లెక్కించే టోటలైజర్ యంత్రం పెడదామని ఎన్నికల సంఘం 2008లోనే అడిగింది, లా కమిషన్ 2015లో సమర్థించింది. కేంద్రం ఒప్పుకోలేదు. కాబట్టి "మీ తండాలో నాకు నలభై ఓట్లే వచ్చినాయి, బోరు ఎట్లా అడుగుతారు?" అనే మాట మనకు కొత్త కాదు.

దానికి జవాబుగా "ఆ నలభై మావే" అని ఒకరు ముందుకొస్తే, మిగతా ఇండ్లు ఎవరివో కూడా ఆయనే చెప్పినట్టవుతుంది. ఈమధ్య ఒక తండాలో డిగ్రీ చదివే అమ్మాయి అన్న జవాబు నాకు నచ్చింది: "నలభై అయితేనేం, నాలుగు వందలైతేనేం? నీళ్ళు తాగేది అందరం గదా అన్నా. బోరు ఎప్పుడేస్తారో చెప్పండి."