మృతులను గూర్చిన సాక్ష్యము



పొరుగువానిని గూర్చి అబద్ధసాక్ష్యము చెప్పరాదను ఆజ్ఞను మనమందరము ఎరుగుదుము (నిర్గమ. 20:16). అయితే ఆ పొరుగువాడు మరణించినయెడల ఆ ఆజ్ఞ మనలను విడుచునా? బ్రదికియున్నవాడు తనపై మోపబడిన నిందకు బదులు చెప్పగలడు. చనిపోయినవాడు చెప్పలేడు. కాబట్టి జీవితచరిత్రలు వ్రాయువారును, వాటిని చదువు మనమును సాక్షుల స్థానమున ఉన్నవారమే. రష్యా దేశపు నాటకకర్తయు రాయబారియునైన అలెక్సాండరు గ్రిబోయేదోవును గూర్చిన గ్రంథములు ఈ సంగతిని మనకు తేటపరచుచున్నవి.

ఇతనికి కీర్తి తెచ్చిన నాటకము ఒక్కటే. తెలివివలన కలిగిన దుఃఖమని దాని పేరునకు అర్థము. మాస్కో పెద్దమనుష్యుల డంబమును, పదవులకొరకు వారు పడు పాట్లను ఎత్తి చూపిన ఆ నాటకమును 1824లో ముగించెను. ప్రభుత్వము దానిని ఆడనియ్యలేదు. 1825లో కొన్ని భాగములు మాత్రమే అచ్చయ్యెను. అయినను జనులు చేతితో ప్రతులు వ్రాసికొని చదివిరి.

రష్యాకును పారశీక దేశమునకును జరిగిన యుద్ధము 1828 ఫిబ్రవరిలో తుర్క్‌మన్‌చాయి సంధితో ముగిసెను. ఆ సంధిని సిద్ధపరచిన వారిలో ఇతడొకడు. ఓడిన దేశము ఎరివాను, నఖిచెవాను ప్రాంతములను విడిచిపెట్టి, 2 కోట్ల వెండి రూబుళ్లు చెల్లింపవలసివచ్చెను. చెరపట్టబడినవారు స్వదేశమునకు మరలిపోవచ్చునని కూడ అందులో ఉండెను. ఈ షరతులను నెరవేర్పించుటకే ఇతడు రాయబారిగా టెహరాను వెళ్లెను. అక్కడ షా అంతఃపురములో బహుకాలము కొలువు చేసిన మీర్జా యాకూబు అను ఆర్మేనియా నపుంసకుడు తన స్వస్థలమునకు పోగోరి ఇతని శరణు జొచ్చెను. షా అల్లుని ఇంటినుండి వచ్చిన ఇద్దరు ఆర్మేనియా స్త్రీలును అక్కడనే యుండిరి. వారిని తిరిగి పంపుమని పారశీకులు అడిగినను ఇతడు ఒప్పుకొనలేదు. 1829 ఫిబ్రవరి 11న జనసమూహము రాయబార భవనముపై పడి ఇతనిని, ఇతనితోకూడ 30 మందికి పైగా చంపెను. దాడి చేసినవారిలోను అనేకులు చచ్చిరి.

ఈ రక్తాపరాధము ఎవరిది? అప్పటికి తురుష్కులతో పోరాడుచున్న రష్యా మరియొక యుద్ధము కోరలేదు. షా మనుమడు ఖుస్రో మీర్జా క్షమాపణతోను, ఒక గొప్ప వజ్రముతోను రాగా, చక్రవర్తి అంగీకరించి, రావలసిన సొమ్ములో కొంత విడిచెను. రాయబారి మితిమీరిన ఆసక్తియే ఈ ఆపద తెచ్చెనని అధికారులు నెపము వేసిరి. తరువాత కొందరు రష్యా రచయితలు ఇది ఇంగ్లీషువారి కుట్ర అనిరి. ఇతనిని గూర్చి తిన్యానోవు 1928లో నవలయు, లారెన్సు కెల్లీ 2002లో ఇంగ్లీషున జీవితచరిత్రయు ప్రకటించిరి. ఇన్ని సాక్ష్యముల మధ్య మనము ఏమి చెప్పుదుము?

యజమానునియొద్దనుండి తప్పించుకొని వచ్చిన దాసుని అప్పగింపరాదని ధర్మశాస్త్రము చెప్పుచున్నది (ద్వితీ. 23:15). కావున అంతము ఘోరమైనదని ఆశ్రయమిచ్చుటను తప్పు అనలేము. అప్పగించియుంటే తన ప్రాణము దక్కెడిదేమో. అయితే యాకూబు గతి ఏమగును? ఆ ప్రశ్న అడుగక రాయబారిని అవివేకి అనుట సులభము. అయినను, ఓడిన ప్రజలయొద్ద బరువైన పరిహారము రాబట్టుటకు వచ్చిన చెయ్యియు ఇతనిదే. ఆ బరువు మోసినవారి కోపమును లెక్కింపని చరిత్ర సగము సాక్ష్యమే.

ఇతని యౌవనకాలమందు మరియొక సంగతి గలదు. ఇతడు ఒక నర్తకిని తన స్నేహితుని ఇంటికి తోడుకొనిపోగా కలహము పుట్టి, 1817లో ద్వంద్వయుద్ధము జరిగి షెరెమెత్యేవు అను యువకుడు చచ్చెను. ఆ కలహము వలననే మరుసటి సంవత్సరము టిఫ్లిసులో ఇతని చేతికి గుండు దెబ్బ తగిలెను. టెహరానులో ఛిద్రమైన దేహమును ఆ చేతి గాయమునుబట్టి గుర్తించిరని చెప్పుదురు. యాకూబునకు ఆశ్రయమిచ్చిన చెయ్యియు, ఆ గాయపు చెయ్యియు ఒక్కని చేతులే. దావీదు ఊరియాకు చేసిన ద్రోహమును పరిశుద్ధ గ్రంథము దాచలేదు (2 సమూ. 11). ఆ ద్రోహమును బట్టి అతని కీర్తనలను తీసివేయనూ లేదు.

ఇతని శవమును ఎడ్లబండిపై తీసికొనిపోవుచుండగా దారిలో ఎదుర్కొంటినని కవి పుష్కిను వ్రాసెను. ఇతని జీవితమును వ్రాయుట స్నేహితుల బాధ్యతయనియు, గొప్పవారు జాడ లేక మరుగైపోవుచున్నారనియు అతడు వగచెను.

మనము గ్రంథములు వ్రాయకపోయినను, సమాధి కార్యక్రమములలోను, అరుగులమీదను మృతులను గూర్చి మాటలాడుచునే యున్నాము. సమాధియొద్ద తప్పు ఏదియు లేనట్టు పొగడుదుము; నెల తిరుగకముందే మంచి ఏదియు లేనట్టు గుసగుసలాడుదుము. ఆ రెండింటికిని బదులు చెప్పుటకు అతడు రాడు. ఈ మాసమందు మన నోట మృతుని పేరు వచ్చినప్పుడు, అతడు మన ఎదుట కూర్చుండి వినుచున్నట్టు ఎంచి మాటలాడుదము.