గొయ్యిలో ఎవరున్నారు?

తండ్రి తప్పు చేస్తే కొడుకు ఎదురు తిరగొచ్చా? ఈ ప్రశ్నకి మన దగ్గర రెండు రెడీమేడ్ జవాబులున్నాయి. "ఎంతైనా కన్నతండ్రి కదా" అనేది ఒకటి. "న్యాయం ముందు తండ్రైనా ఒకటే, పరాయివాడైనా ఒకటే" అనేది రెండోది. గ్రీకుల పాత దేవతల కథ చదివిన ప్రతిసారీ, ఈ రెండూ అసలు విషయాన్ని తప్పించుకుంటున్నాయేమో అనిపిస్తుంది నాకు.

క్రీ.పూ. 700 ప్రాంతంలో హేసియడ్ అనే కవి 'థియోగొనీ' చెప్పాడు. వెయ్యి పైచిలుకు పంక్తుల్లో దేవతల వంశవృక్షం. భూమి, అంటే గాయా, తనంతట తానే ఆకాశాన్ని, అంటే యురేనస్‌ని కంటుంది. తర్వాత అతనితోనే కాపురం. వాళ్ళకి 12 మంది టైటన్లు, ముగ్గురు ఒంటికన్ను సైక్లోప్స్, ముగ్గురు వంద చేతులవాళ్ళు పుడతారు. యురేనస్‌కి పిల్లలంటే గిట్టదు. పుట్టినవాళ్ళని పుట్టినట్టే తల్లి కడుపులోకి నెట్టేసి, వెలుగు చూడనివ్వడు. ఆ బాధ భరించలేక గాయా ఓ కొడవలి తయారుచేసి, ఎవరు ముందుకొస్తారని పిల్లల్ని అడుగుతుంది. అందరూ బిక్కచచ్చిపోతారు. ఆఖరివాడు క్రోనస్ ఒక్కడే సరేనంటాడు. మాటు వేసి, తండ్రి మర్మాంగాన్ని కోసి పారేస్తాడు.

ఇక క్రోనస్ రాజు. అక్క రియాని పెళ్ళాడతాడు. నీ కొడుకే నిన్ను దించేస్తాడని తల్లీ తండ్రీ అతనికి ముందే చెప్తారు. దాంతో పుట్టిన బిడ్డని పుట్టినట్టే మింగేస్తాడు. హెస్టియా, డిమీటర్, హీరా, హేడీస్, పొసైడన్, ఇలా ఐదుగురు. ఆరోవాడు జియస్. అతని బదులు రియా ఓ రాయికి పొత్తిగుడ్డలు చుట్టి భర్త చేతిలో పెడుతుంది. బిడ్డ క్రీటులో పెరిగి, వచ్చి, పదేళ్ళు యుద్ధం చేసి, టైటన్లని పాతాళంలో బంధిస్తాడు.

ఇక్కడ మనకి కంసుడు గుర్తు రావడం సహజం. జోస్యం, చెర, పుట్టగానే చంపడం, రహస్యంగా మరోచోట పెరిగిన బిడ్డ, అన్నీ ఉన్నాయి. కానీ మన కథలో ఆ పాపం మేనమామ ఖాతాలో పడింది, తండ్రి వసుదేవుడు మంచివాడిగానే మిగిలాడు. హేసియడ్ ఆ వెసులుబాటు ఇవ్వడు. పిల్లల్ని చూసి భయపడ్డది కన్నతండ్రే.

క్రోనస్ భయం నాకు బాగానే అర్థమవుతుంది. కుర్చీ ఎలా ఖాళీ అవుతుందో అతనికి తెలుసు, ఖాళీ చేయించింది తనే కాబట్టి. వెనక నిలబడ్డ ప్రతివాడి చేతిలోనూ అతనికి కొడవలే కనిపిస్తుంది. సాఫ్ట్‌వేర్‌లో ఉన్నవాళ్ళకి ఈ మనిషి చిన్న సైజులో పరిచయమే. తను తప్ప ఇంకెవరూ ముట్టుకోలేని సిస్టమ్ కట్టుకుని, డాక్యుమెంటేషన్ అడిగితే నవ్వి ఊరుకునే సీనియర్. ముప్పైల్లోకొచ్చాక మన వెనక కూడా జూనియర్లు చేరతారు. అప్పుడు ఈ కథని కొడుకు వైపు నుంచే చదవడం కుదరదు.

మరి క్రోనస్ తిరుగుబాటు న్యాయమా, కాదా? దీనికి జవాబు కొడవలి దగ్గర దొరకదు, ఆ తర్వాత ఏం జరిగిందో చూడాలి. గాయా ఏడ్చింది లోపల చిక్కుకున్న పిల్లల కోసం. క్రోనస్ గెలిచాడు కదా, అందర్నీ విడిపించాడా? లేదు. జియస్ వచ్చేనాటికి సైక్లోప్స్ ఇంకా సంకెళ్ళలోనే ఉన్నారు. వంద చేతులవాళ్ళు భూమి అడుగునే పడి ఉన్నారు. తల్లి బాధని వాడుకుని సింహాసనం ఎక్కాడు, ఆ బాధకి కారణాన్ని మాత్రం అలాగే ఉంచేశాడు. జియస్ కూడా తండ్రిని కూలదోశాడు. కానీ బాబాయిల్ని బయటికి తెచ్చాడు. సైక్లోప్స్ ఇచ్చిన పిడుగే అతని ఆయుధమైంది.

ఈ తేడాని పెట్టుకుని ప్లేటో రాసిన 'యూథిఫ్రో' చదివితే ఇంకోలా కనిపిస్తుంది. యూథిఫ్రో సొంత తండ్రి మీద హత్యానేరం మోపుతాడు. ఒక కూలివాడు తాగిన మత్తులో ఇంటి బానిసని చంపేస్తే, తండ్రి ఆ కూలివాడి కాళ్ళూ చేతులూ కట్టించి గోతిలో పడేశాడు. ఏం చెయ్యాలో కనుక్కురమ్మని ఏథెన్సుకి మనిషిని పంపి, ఇక పట్టించుకోలేదు. ఆ మనిషి తిరిగొచ్చేలోపే ఆకలికీ చలికీ కూలివాడు చచ్చిపోయాడు. తండ్రి మీద కేసేమిటని బంధువులు మండిపడతారు. జియస్ తండ్రిని బంధిస్తే లేని తప్పు నేను చేస్తే వచ్చిందా అంటాడు యూథిఫ్రో. సోక్రటీసు ఈ దేవుళ్ళ కథల్నే నమ్మలేనంటాడు. అక్కణ్ణుంచి సంభాషణ 'పుణ్యం' అనే మాటకి నిర్వచనం వైపు వెళ్ళిపోతుంది. గోతిలో చచ్చిన కూలివాడు పక్కకి జరిగిపోతాడు.

యూథిఫ్రో ఎంచుకున్న ఉదాహరణ సగమే సరైనది అంటాను నేను. జియస్ తండ్రిని కట్టేశాడన్నది ఎవరికీ ఏ హక్కూ ఇవ్వదు. అతను గోతిలో ఉన్నవాళ్ళని పైకి లాగాడన్నది కొంత ఇస్తుంది. చచ్చినవాడు మనవాడా పరాయివాడా అన్నది అనవసరం అని యూథిఫ్రో ఒకచోట అంటాడు. అతని మాటల్లో బలమైనది అదే. అక్కడే నిలబడి ఉంటే అతనికి దేవుళ్ళ సాక్ష్యం అక్కర్లేకపోయేది.

అలాగని జియస్‌ని ఆదర్శంగా పెట్టలేం. పైకి తెచ్చిన వంద చేతులవాళ్ళని మళ్ళీ పాతాళానికే కాపలా పెట్టాడు. మొదటి భార్య మేటిస్‌కి పుట్టబోయే కొడుకు రాజవుతాడని తెలిసి, గర్భంతో ఉన్న ఆమెని మింగేశాడు. తాత పిల్లల్ని పుట్టనివ్వలేదు, తండ్రి పుట్టాక మింగాడు, మనవడు తల్లినే మింగాడు. భయం అదే, ప్లానింగ్ మెరుగైంది. ఆ మింగుడులోంచి కూతురు ఎథీనా తండ్రి తలని చీల్చుకుని వచ్చింది. కొడుకు మాత్రం రాలేదు. జియస్ పాలన అంత స్థిరంగా ఉండటానికి ఓ కారణం ఆ పుట్టనివాడే.

అందుకే గెలిచినవాణ్ణి ఒక్కసారి అడిగి వదిలేస్తే సరిపోదు. గెలిచిన రోజున గొయ్యిలో ఎవరున్నారని అడగాలి. పదేళ్ళ తర్వాత మళ్ళీ అదే అడగాలి, ఎందుకంటే అప్పటికి అందులో కొత్తవాళ్ళుంటారు. ఎస్కిలస్ నాటకం 'యుమెనిడీస్'లో ప్రతీకార దేవతలు జియస్‌ని ఇదే విషయంలో నిలదీస్తారు. సొంత తండ్రిని బంధించినవాడు తండ్రుల పక్షాన ఎలా మాట్లాడతాడని. సంకెళ్ళు వేస్తే విప్పొచ్చు, నేల తాగిన రక్తాన్ని వెనక్కి తేలేం అని అపోలో జవాబు. తప్పించుకునే జవాబులా ఉంటుంది గానీ, అందులో ఓ బాధ్యత కూడా ఉంది. విప్పొచ్చు అన్నాక ఎప్పుడో ఒకప్పుడు విప్పాలి కదా. పిండార్ తన గీతం ఒకదాంట్లో, జియస్ కాలక్రమంలో టైటన్లని వదిలేశాడని చెప్తాడు. హేసియడ్‌లో ఆ మాట లేదు. నాకు మాత్రం ఈ వంశకథలో కొడవలి కంటే, పిడుగు కంటే ఆ ఒక్క మాటే ఎక్కువ ధైర్యంగా కనిపిస్తుంది.