ప్రాణం పోసే ఖడ్గం

జపాన్ ఖడ్గవిద్యా సంప్రదాయాలలో కత్సుజిన్‌కెన్ అనే పారిభాషిక పదానికి 'మనిషిని బ్రతికించే కత్తి' అని అర్థం. దీనికి జంటగా వాడే సత్సుజిన్‌కెన్ అంటే 'మనిషిని చంపే కత్తి'. కత్తి ప్రాణం తీయడానికే పుట్టిన వస్తువు కాబట్టి రెండవ పదాన్ని ఎవరూ ప్రశ్నించరు. మొదటి పదం మాత్రం శతాబ్దాలుగా బౌద్ధ భిక్షువులను, ఖడ్గ గురువులను, పాలకులను ఆకర్షిస్తూనే ఉంది, ఒక్కొక్కరి చేతిలో ఒక్కొక్క అర్థాన్ని సంతరించుకుంటూనే ఉంది. చంపే పనిముట్టు ప్రాణదాత కావడం సాధ్యమేనా అన్నది ఈ పదం లేవనెత్తే తాత్విక ప్రశ్న. దానిలోనే అంతకంటే పదునైన ప్రశ్న మరొకటి దాగి ఉంది: ఒక కత్తి ప్రాణం పోసిందని చెప్పే అధికారం ఎవరిది, దాన్ని పట్టుకున్నవాడిదా, దాని అంచుకు ఎదురుగా నిలిచినవాడిదా?

ఈ జంట పదాలు యుద్ధభూమిలో పుట్టలేదు. చైనాలో చాన్ అనీ జపాన్‌లో జెన్ అనీ పిలిచే ధ్యాన బౌద్ధశాఖలో, పూర్వ గురువుల సంభాషణలను, చేష్టలను శిష్యులకు విచారణాంశాలుగా ఇచ్చే పద్ధతి ఉంది. అటువంటి ఒక్కొక్క అంశాన్ని కోఆన్ అంటారు. యువాన్‌వు కెచిన్ వ్యాఖ్యానంతో 1125 ప్రాంతంలో రూపుదిద్దుకొని, జపాన్‌లో 'హెకిగన్‌రోకు' పేరుతో ప్రసిద్ధమైన నూరు కోఆన్‌ల సంకలనంలోనూ, 1228లో వూమెన్ హుయికాయ్ కూర్చిన 'ముమోన్‌కన్'లోనూ ఈ రెండు ఖడ్గాల ప్రస్తావన కనిపిస్తుంది. అక్కడ ఖడ్గమంటే గురువు మాట, గురువు చూపు, ఒక్కొక్కసారి గురువు మౌనం. శిష్యుడు గట్టిగా పట్టుకొని వేలాడుతున్న అభిప్రాయాన్ని తెగగొట్టినప్పుడు అది చంపే కత్తి. ఆ తెగిన చోటనే అతనికి కొత్త చూపు కలిగినప్పుడు బ్రతికించే కత్తి. రెండూ ఒకే వేటుకు రెండు పేర్లు. మంజుశ్రీ బోధిసత్త్వుని చేతిలోని ప్రజ్ఞాఖడ్గం, భగవద్గీత నాల్గవ అధ్యాయం చివర సంశయాన్ని ఛేదించమని చెప్పిన జ్ఞానఖడ్గం తెలిసిన పాఠకులకు ఈ ఉపమానం కొత్తది కాదు.

అయితే జెన్ వాఙ్మయంలోనే ఈ ఉపమానం హద్దు దాటిన సందర్భం ఒకటి ఉంది. నన్‌సెన్ అని జపనీయులు పిలిచే చైనా గురువు (748–835) ఆశ్రమంలో రెండు వర్గాల భిక్షువులు ఒక పిల్లి కోసం తగవులాడుతున్నప్పుడు, ఆయన దాన్ని పైకెత్తి, ఎవరైనా సరైన మాట ఒక్కటి చెబితే వదిలేస్తానని, లేకుంటే నరుకుతానని అన్నాడు. ఎవరూ నోరు మెదపకపోవడంతో పిల్లి రెండు ముక్కలయింది. సాయంత్రం తిరిగివచ్చిన శిష్యుడు జోషు సంగతంతా విని, కాలి చెప్పులు తీసి తలమీద పెట్టుకొని నడిచి వెళ్ళిపోగా, నీవు ఉండి ఉంటే పిల్లి బ్రతికేదని గురువు అన్నాడు. భిక్షువుల మమకారాన్ని తెగనరికిన వేటుగా దీన్ని వ్యాఖ్యాతలు వివరిస్తారు. కానీ జోషు గనుక అక్కడే ఉండి ఉంటే కత్తి చేతులు మారేదని, ప్రాణభిక్ష కోరే వంతు నన్‌సెన్‌దే అయ్యేదని ముమోన్‌కన్ కర్త తన పద్యంలో సూచించడం గమనించదగినది. వూమెన్ ఆ క్షణంలో చూపును పిల్లి వైపు నుంచి గురువు మెడ వైపు తిప్పాడు. కత్సుజిన్‌కెన్ గురించిన చర్చ అంతటికీ ఆ తిప్పడమే కీలకమని ఈ వ్యాసం భావిస్తుంది.

పదహారవ శతాబ్దంలో, జపాన్ ప్రభువుల అంతర్యుద్ధాలతో అట్టుడుకుతున్న కాలంలో, ఈ జెన్ పరిభాష నిజమైన కత్తుల దగ్గరికి వచ్చింది. షింకగె-ర్యూ అనే ఖడ్గ సంప్రదాయాన్ని స్థాపించిన కమీజుమి నొబుత్సునా చేతిలో 1563లో ఓడిపోయి అతనికే శిష్యుడైన యాగ్యూ మునెతోషి, ముతో అనే విద్యను సాధించాడు. ముతో అంటే కత్తి లేకపోవడం, అంటే వట్టిచేతులతో సాయుధుణ్ణి ఎదుర్కోవడం. 1594లో క్యోతో సమీపాన తొకుగావా ఇఎయాసు ఎదుట అతడు దీన్ని ప్రదర్శించగా, ఆ ప్రభువు ముగ్ధుడై యాగ్యూ వంశాన్ని చేరదీశాడు. మునెతోషి కుమారుడు మునెనోరి (1571–1646) ఇఎయాసు తర్వాతి ఇద్దరు షోగన్‌లకు, అంటే సైనిక పాలకులకు, ఖడ్గ గురువై, ప్రభుత్వంలో ఉన్నతాధికారి కూడా అయ్యాడు. అతడు 1632లో రాసిన 'హేయ్‌హో కదెన్‌షో', అనగా వంశపారంపర్య యుద్ధవిద్యా గ్రంథం, మూడు భాగాలు. వాటిలో ఒకదాని పేరు చంపే కత్తి, మరొకదాని పేరు బ్రతికించే కత్తి.

ఈ గ్రంథంలో కత్సుజిన్‌కెన్‌కు రెండు అర్థాలు పక్కపక్కనే ఉన్నాయి. మొదటిది రాజనీతికి సంబంధించినది. ఆయుధాలు అశుభ వస్తువులన్న చైనా తాత్వికుడు లావోజి మాటను స్మరిస్తూనే, తప్పనిసరైనప్పుడు వాటిని వాడటం కూడా ప్రకృతి ధర్మమేనని మునెనోరి వాదిస్తాడు. ఒక్కడి దుర్మార్గం వల్ల పదివేలమంది బాధపడుతున్నప్పుడు ఆ ఒక్కడిని వధిస్తే పదివేలమంది బ్రతుకుతారు కనుక చంపిన కత్తే ప్రాణం పోసిన కత్తి అవుతుందన్నది అతని తర్కం. శతాబ్దానికి పైగా సాగిన యుద్ధాలు ముగిసి, కొత్త రాజ్యం నిలదొక్కుకుంటున్న కాలంలో, శాంతిని కాపాడే బాధ్యత గల అధికారి ఇలా ఆలోచించడం అర్థం చేసుకోదగిందే. అయినా ఈ తర్కంలో ఒక పెద్ద ఖాళీ ఉంది: ఆ ఒక్కడు దుర్మార్గుడని నిర్ణయించేది ఎవరో అది చెప్పదు. షోగన్ కొలువులో ఆ నిర్ణయం షోగన్‌దే.

రెండవ అర్థం బరిలోకి దిగిన ఖడ్గధారి ఆచరణకు చెందినది. పండితులు దీన్ని తక్కువగా పట్టించుకున్నప్పటికీ, నైతికంగా ఇదే ఎక్కువ నిజాయితీ గలది. షింకగె సంప్రదాయంలో, బలమైన భంగిమలో నిలబడి, ప్రత్యర్థి కదలికను మొదట్లోనే అణచివేసి, అతనికి ఏ అవకాశమూ ఇవ్వకుండా నరకడం సత్సుజిన్‌కెన్. ప్రత్యర్థిని కదలనివ్వడం, అతని ఉద్దేశం పూర్తిగా బయటపడనివ్వడం, ఆ కదలికకు అనుగుణంగా మారుతూ గెలవడం కత్సుజిన్‌కెన్. ఇక్కడ 'బ్రతికించడం' అంటే ఎదుటివాడి చలనాన్ని సజీవంగా ఉండనివ్వడమే. చివరికి అతడు చనిపోవచ్చు కూడా. అందువల్ల ఈ వాడుకలో కరుణను వెతకడం తొందరపాటే అవుతుంది. కానీ దీనికి ఒక ధర ఉంది, ఆ ధరను కత్తి పట్టినవాడే చెల్లించాలి: ఎదుటివాడికి మొదటి వేటు అవకాశం ఇచ్చినవాడు తన ప్రాణాన్ని ముందుగా పణంగా పెడుతున్నాడు. ముతో గురించి మునెనోరి ఇచ్చిన వివరణ కూడా ఇంతే నిరాడంబరంగా ఉంటుంది. ఎదుటివాడి కత్తిని లాక్కొని గొప్ప చూపించుకోవడం దాని ఉద్దేశం కాదని, తన చేతిలో కత్తి లేనప్పుడు నరకబడకుండా ఉండటమే దాని సారమని, కత్తి పోగొట్టుకోకూడదని మాత్రమే చూసుకొనే ప్రత్యర్థి నుంచి దాన్ని గుంజుకోనవసరం లేదని అతడు అంటాడు. గెలవాలన్న తపన ఒక రోగమని, నేర్చిన విద్యను ప్రదర్శించాలన్న ఆరాటం మరొక రోగమని, ఈ రోగాలన్నీ వదిలించుకోవాలన్న పట్టుదల కూడా రోగమేనని చెప్పిన పుటలు, ఒక యోధుడు తనను తాను శోధించుకున్న తీరుకు ప్రపంచ సాహిత్యంలోనే అరుదైన నిదర్శనం.

ఆ పుటల వెనుక తకువాన్ సోహో (1573–1645) ప్రభావం స్పష్టం. రిన్‌జాయ్ శాఖకు చెందిన ఈ జెన్ భిక్షువు, భిక్షువులకు గౌరవ వస్త్రాలను ప్రదానం చేసే అధికారం విషయంలో షోగన్ ప్రభుత్వాన్ని ఎదిరించి 1629లో ప్రవాస శిక్ష అనుభవించినవాడు. మునెనోరి కోసం ఆయన రాసిన 'ఫుదోచి షిన్‌మ్యోరోకు' అచల ప్రజ్ఞను వివరిస్తుంది. ఇందులోని అచలత్వం రాయిలాగా కదలకుండా ఉండటం కాదని, దేనిమీదా ఆగిపోకుండా ప్రవహించే మనస్సుకే ఆ పేరని తకువాన్ అంటాడు. సహస్రబాహువుల అవలోకితేశ్వరుని మనస్సు ఒక చేతి మీద ఆగితే మిగిలినవన్నీ నిరుపయోగమవుతాయి. అలాగే ఖడ్గధారి మనస్సు ఎదుటి కత్తి మీద ఆగినా, తన కత్తి మీద ఆగినా, గెలుపు మీద ఆగినా అతడు నరకబడతాడు.

తకువాన్ ఇక్కడితో ఆగకుండా, దేనికీ స్వతంత్రమైన ఉనికి లేదనే శూన్యతా సిద్ధాంతాన్ని కూడా ప్రవేశపెట్టాడు. దానికి ఆధారంగా ముగకు సొగెన్ అనే చైనా భిక్షువు ఉదంతాన్ని తీసుకున్నాడు. మంగోలు సైన్యాలు దక్షిణ చైనాను ఆక్రమిస్తున్న రోజుల్లో, తన మెడ మీద కత్తి ఎత్తిన సైనికుల ఎదుట సొగెన్ చలించక, మనిషీ శూన్యమే, సకల వస్తువులూ శూన్యమేనని, ఆ కత్తి మెరుపులో వసంత వాయువును కోసినట్లేనని ధ్వనించే పద్యం చెప్పగా వారు వెనుదిరిగారని సంప్రదాయ కథనం. తర్వాత 1279లో ఆయన జపాన్ చేరి, 1282లో స్థాపితమైన ఎంగకుజి ఆశ్రమానికి మొదటి అధిపతి అయ్యాడు. తకువాన్ ఈ పద్యాన్ని వ్యాఖ్యానిస్తూ కత్తి ఎత్తినవాడూ, కత్తీ, నరకబడేవాడూ మూడూ శూన్యమేనని ఖడ్గ గురువుకు బోధించాడు. ఒక్క అక్షరం మారకపోయినా ఈ బదిలీలో సర్వం మారిపోయింది. నా మెడ శూన్యం అని చెప్పినవాడు భయాన్ని జయించిన సాధకుడు. నీ మెడ శూన్యం అని చెప్పేవాడు ఎవరు?

ఈ ప్రశ్నకు బౌద్ధ త్రిపిటకంలోనే నిష్కర్షగా జవాబుంది. దీఘనికాయంలోని సామఞ్ఞఫల సుత్తంలో పకుధ కచ్చాయనుడనే ఆచార్యుని మతం ప్రస్తావనకు వస్తుంది. పదునైన కత్తితో తల నరికినా ఎవరూ ఎవరినీ చంపినట్లు కాదని, కత్తి సప్త మూలపదార్థాల నడుమ ఖాళీలోంచి సాగిపోతుందంతేనని అతని వాదం. బుద్ధునికి ఈ వాదాన్ని నివేదిస్తున్నది మరెవరో కాదు, తండ్రి బింబిసారుణ్ణి చంపి సింహాసనమెక్కిన అజాతశత్రువు. హంతకుడూ లేడు, హతుడూ లేడు అన్న మాటతో అందరికంటే ఎక్కువ ఊరట పొందగలిగిన వ్యక్తి అతడే. అయినా బుద్ధుడు ఆ ఊరట ఇవ్వలేదు. రాజు తన నేరాన్ని ఒప్పుకోగా దాన్ని స్వీకరించి, అతడు వెళ్ళిన తర్వాత, తండ్రిని చంపి ఉండకపోతే ఇతనికి ఈ ఆసనం మీదనే ధర్మచక్షువు తెరుచుకునేదని భిక్షువులతో అన్నాడు. హత్య జరిగింది, దాని ఫలమూ ఉంది. గీత రెండవ అధ్యాయంలోని ఆత్మ అవధ్యత్వం ఇక్కడ పాఠకునికి గుర్తుకు రావచ్చు. అక్కడి వాదం నిత్యమైన ఆత్మ మీద నిలిచింది, జెన్ వాదం అసలు ఆత్మే లేదన్న మాట మీద నిలిచింది. రెండు భిన్న పునాదుల నుంచి ఒకే సౌకర్యానికి చేరుకోగలగడం విచారించదగిన విషయం.

శూన్యతను శాస్త్రంగా నిర్మించిన ఆచార్య నాగార్జునుడు కూడా ఈ ప్రమాదాన్ని ఎరుగును. జెన్ గురుపరంపర ఆయనను పదునాలుగవ గురువుగా లెక్కిస్తుంది. కృష్ణాతీరంలోని నాగార్జునకొండ ఆయన పేరునే మోస్తోంది. శూన్యతను పొరపాటుగా గ్రహించడం పామును పట్టరాని చోట పట్టుకోవడం వంటిదని మూలమధ్యమక కారికలలో ఆయనే హెచ్చరించాడు. శాతవాహన రాజుకు ఉపదేశించినట్లు సంప్రదాయం చెప్పే రత్నావళిలో, హంతకులను సైతం చంపకుండా, హింసించకుండా దేశం నుంచి బహిష్కరించమని సలహా ఇచ్చాడు. సర్వం శూన్యమన్న తాత్వికుడు ఖడ్గం చేతిలో ఉన్న రాజుకు ఇచ్చిన సలహా ఇది. యాగ్యూ మునెనోరి తర్కానికి ఇంతకంటే దీటైన ప్రత్యుత్తరం ఉండదు.

మహాయాన సూత్రాలలో కరుణతో చేసిన వధకు ఉదాహరణ లేకపోలేదు. ఉపాయకౌశల్య సూత్రంలో ఒక నావికుడు, ఐదువందల మంది వర్తకులను చంపబోతున్న దొంగను వధిస్తాడు. కానీ ఆ పాపానికి తాను నరకానికి పోవడానికి సిద్ధపడి, దొంగకు ఆ గతి పట్టకూడదనే ఉద్దేశంతో అతడు ఆ పని చేస్తాడు. ఒకణ్ణి చంపి పలువురిని బ్రతికించే లెక్క మునెనోరి గ్రంథంలో ఉంది గానీ, లెక్క వేసినవాడు నరకానికి సిద్ధపడాలన్న షరతు అందులో లేదు.

ఆ షరతు జారిపోయిన ఫలితం ఇరవయ్యవ శతాబ్దంలో తెలిసివచ్చింది. జెన్‌ను పాశ్చాత్యులకు పరిచయం చేసిన సుజుకి దాయ్‌సెత్సు 1938 నాటి తన గ్రంథంలో జెన్‌కూ ఖడ్గవిద్యకూ గల అనుబంధాన్ని విస్తారంగా, ఎంతో ఆరాధనతో వివరించాడు. అప్పటికి చైనా మీద జపాన్ పూర్తిస్థాయి యుద్ధం మొదలై ఏడాది. ఆ యుద్ధకాలమంతా పలువురు జెన్ పెద్దలు బ్రతికించే కత్తి పరిభాషను సామ్రాజ్య సైన్యాల కోసం వాడారు. వసంత వాయువును కోయడం అనే మాట, పట్టుబడిన చైనా గ్రామస్థులకు కాక వారి మీద కత్తి ఎత్తిన సైనికులకు ధైర్యవచనమైంది. 1997లో బ్రయన్ విక్టోరియా రాసిన పుస్తకం ఈ చరిత్రను ప్రపంచం ముందు పెట్టింది. దాని తర్వాత, 2001లో, రిన్‌జాయ్ శాఖలో అతి పెద్దదైన మ్యోషిన్‌జి సంస్థ యుద్ధానికి తాను ఇచ్చిన సహకారానికి బహిరంగంగా క్షమాపణ చెప్పింది.

విక్టోరియా కంటే చాలా ముందే, 1970లో, బౌద్ధుల యుద్ధ బాధ్యతపై గ్రంథం రాసినవాడు రిన్‌జాయ్ భిక్షువు, ఆచార్యుడు ఇచికావా హకుగెన్ (1902–1986). ఉన్న పరిస్థితితో ఏకమైపోవడమే విముక్తి అని నేర్పిన శిక్షణ, ఆ పరిస్థితి అన్యాయమైనప్పుడు దాన్ని కాదనే శక్తిని ఎందుకు ఇవ్వలేకపోయిందని అతడు తన శాఖనే నిలదీశాడు. యుద్ధ సంవత్సరాలలో యుద్ధాన్ని సమర్థిస్తూ రాసినవారిలో తానూ ఒకడినని హకుగెన్ దాచుకోలేదు; దోషుల పేర్లు వరుసగా పెట్టినప్పుడు తన పేరును కూడా వాటిలో చేర్చాడు.