ఉదయగిరి బాలకృష్ణుడు, ఉత్తర అడిగిన వరం

 

ఈ వారం వీడియోలో ఉదయగిరి కోట చూశారు కదా. పది నిమిషాల వీడియోలో పట్టని విషయం ఒకటి ఉంది. అది ఇక్కడ కొంచెం తీరిగ్గా చెప్పుకుందాం.

ఆత్మకూరు దాటి ఉదయగిరి వైపు వెళ్తుంటే ఆ దుర్గం చాలా దూరం నుంచే కనిపిస్తుంది. మూడు వేల అడుగులకు పైన ఎత్తు. 1513లో శ్రీకృష్ణదేవరాయలు సైన్యంతో వచ్చి దాని కింద దిగాడు. అప్పుడు కోట ప్రతాపరుద్ర గజపతిది. లోపల పదివేల మంది కాల్బలం, నాలుగు వందల గుర్రాలు ఉన్నాయని పోర్చుగీసు వర్తకుడు న్యూనిజ్ రాశాడు. ఎక్కి గెలిచే కోట కాదు, తిండి అందకుండా చేసి లొంగదీయాల్సిందే. అట్లా దాదాపు ఏడాదిన్నర పట్టింది. రాళ్లు పగలగొట్టి కొండల్లో దారులు వేయించాల్సి వచ్చింది. 1514లో కోట లొంగింది. రాయలు ఇక్కడి నుంచి నేరుగా తిరుమల వెళ్లి స్వామికి కనకాభిషేకం చేయించాడు.

ఇంతవరకు స్కూల్ పుస్తకం కథే. నాకు మాత్రం ఆ ఏడాదిన్నర దగ్గరే మనసు ఆగిపోతుంది. పైన పదివేల మంది. కింద అంతకు ఎన్నో రెట్లు. వాళ్లలో ఎంతమందికి ఇరవై, ఇరవై రెండేళ్లు ఉండి ఉంటాయి? శాసనాల్లో రాజుల బిరుదులుంటాయి, దానం చేసిన ఊళ్ల పేర్లుంటాయి. ఫలానా కాపలావాడికి నిన్నగాక మొన్న పెళ్లయింది, వాడి భార్య కటకం దగ్గర ఏదో పల్లెలో ఎదురుచూస్తోంది అని ఏ శాసనంలో ఉంటుంది చెప్పండి!

యుద్ధం వీళ్లనే కాదు, దేవుణ్ణి కూడా ఊరి నుంచి విడదీసింది. ఉదయగిరిలో బాలకృష్ణుడి విగ్రహం ఉండేది. రాయలు గెలిచాక దాన్ని విజయనగరం తీసుకెళ్లి, గుడి కట్టించి, 1515లో ప్రతిష్ఠ చేయించాడు. హంపిలో కృష్ణాలయం అంటే అదే. ఆ మూర్తి ఇప్పుడు చెన్నై మ్యూజియంలో ఉంది. హంపి వాళ్లకు అది విజయోత్సవం, నిజమే. రాయలు మహాభక్తుడు, ఎత్తుకుపోయాడు అనే మాట నేను అనను. కానీ ఉదయగిరి వైపు నుంచి ఒక్కసారి చూడండి. రోజూ వెన్న నైవేద్యం పెట్టుకున్న ఇల్లాలికి మర్నాడు పొద్దున ఆ గుడి ఎట్లా కనిపించి ఉంటుంది? అక్రూరుడి రథం వెళ్లిపోయాక రేపల్లె ఎట్లా ఉందో అట్లానే.

ఇంకో అమ్మాయి కూడా ఉంది ఈ యుద్ధంలో. సంధి కుదిరాక గజపతి తన కూతుర్ని రాయలకిచ్చి పెళ్లి చేశాడు. ఆమెకు ఒక్కో కథలో ఒక్కో పేరు. ఆ పెళ్లి నిలవలేదని, ఆమె కంభంలో ఒంటరిగా ఉండిపోయిందని, కంభం చెరువు ఆమె కట్టించిందేనని మన వైపు పెద్దలు చెప్పుకుంటారు. ‘తుక్కా పంచకం’ అనే ఐదు సంస్కృత శ్లోకాలు ఆమె దుఃఖంలోంచి వచ్చినవే అంటారు. రాజులు సంధి రాసుకున్నారు. దాని ఖరీదు ఒక ఆడపిల్ల కట్టింది.

ఇదంతా ఇప్పుడెందుకు అంటారా?

ఆత్మకూరులో మా బాబాయి కూతురు ఉంది. 2025లో, వేసవి మొదట్లోనే పెళ్లయింది. అబ్బాయి ఆర్మీలో జవాను. మే 7న ఆపరేషన్ సిందూర్ మొదలైంది, సెలవులు రద్దు. సగం సర్దిన బ్యాగుతో వెళ్లిపోయాడు. 10వ తేదీ సాయంత్రం కాల్పులు ఆగేదాకా ఆ ఇంట్లో టీవీ కట్టలేదు, పొయ్యి సరిగ్గా వెలగలేదు. మన సీమ జవాను ఒకరు సరిహద్దులో ప్రాణం ఇచ్చారన్న వార్త కూడా ఆ రోజుల్లోనే వచ్చింది. రాత్రి పదకొండుకి ఫోన్ చేసి అడిగింది: “అన్నా, నువ్వు ఇన్ని వీడియోలు చేస్తుంటావు గదా. ఏ స్తోత్రం ఎన్నిసార్లు చదివితే ఆయన తిరిగొస్తాడో చెప్పన్నా.”

చెప్పడం చాలా తేలిక. నూటఎనిమిది అంటే నమ్మేది. కానీ నేను చెప్పలేదు. పొద్దున్నుంచి రాత్రిదాకా నేను చేసే పనే అది: ఇన్‌పుట్ ఇస్తే అవుట్‌పుట్ రావాలి, రాకపోతే ఎక్కడో తప్పుంది. భగవంతుడితో ఆ లెక్క పెట్టుకుంటే, మనిషి తిరిగి రాని ఇంట్లో ఆ అమ్మాయి ఏమనుకోవాలి? తను పారాయణం తప్పు చేసినందుకే మొగుడు పోయాడనా? ఆ పాపం నాకొద్దు. “స్తోత్రం చదువుకో తల్లీ, మనసు నిలబడుతుంది. వస్తాడా రాడా అనేది మాత్రం దానికి ముడిపెట్టొద్దు” అన్నాను. చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. అప్పుడు ఉత్తర కథ చెప్పాను.

ఉత్తర విరాటరాజు కూతురు. అభిమన్యుడితో ఉపప్లావ్యంలో పెళ్లి. పెళ్లి పందిరి తీయగానే యుద్ధ ప్రయత్నాలు మొదలయ్యాయి. పదమూడో రోజు అభిమన్యుడు పద్మవ్యూహంలోకి వెళ్లి తిరిగి రాలేదు. పదహారేళ్ల పిల్లవాడు. అతని మేనమామ ఎవరు? సాక్షాత్తు కృష్ణుడు! అంతకన్నా పెద్ద రికమండేషన్ ఎవరికైనా ఉంటుందా అండి? అయినా ఆ రోజు ఆయన అర్జునుడి రథం మీద సంశప్తకుల వైపు ఉన్నాడు. చెల్లెలి కొడుకు చనిపోయాడు. ఎందుకు ఆపలేదు అంటే పండితులు కర్మ అని, అవతార కార్యం అని చాలా చెప్తారు. అవి తప్పని అనను. కానీ ఆ రాత్రి సుభద్ర ముందు కూర్చుని ఆ మాటలు చెప్పగలవాళ్లు ఎవరు?

యుద్ధం అయిపోయింది. కృష్ణుడు ద్వారకకు బయల్దేరి రథం ఎక్కబోతున్నాడు. అప్పుడు ఉత్తర పరుగెత్తుకుంటూ వచ్చింది, వెనక అశ్వత్థామ అస్త్రం. ఏమడిగిందో గమనించండి. నా భర్తను తెచ్చివ్వు అనలేదు.  ఇది నన్ను కాలిస్తే కాల్చనీ స్వామీ, కడుపులో బిడ్డను మాత్రం కాపాడు అంది. పోయినవాడి నుంచి తనకు మిగిలింది అదొక్కటే. ఆయన తన మాయతో ఆ గర్భాన్ని కప్పి కాపాడాడు. పరీక్షిత్తు అట్లా నిలిచాడు. మనం భాగవతం వినగలుగుతున్నాం అంటే ఆ బిడ్డ బతకడం వల్లే, ఎందుకంటే శుకుడు చెప్పింది అతనికే.

దీని తర్వాత భాగవతంలో ఒక చిన్న మాట ఉంది, చాలామంది దాటేసి వెళ్లిపోతారు. బయల్దేరినవాడు వెళ్లలేదు. కొన్ని నెలలు హస్తినాపురంలోనే ఉండిపోయాడు. ఎందుకూ అంటే, అయినవాళ్ల శోకం తీర్చడానికి, చెల్లెలి మనసు కోసం అని వ్యాసుడు కారణం కూడా రాశాడు. సుభద్ర కోసం! కొడుకును తెచ్చివ్వలేదు. పక్కన మాత్రం ఉన్నాడు. ద్వారకలో రాజ్యం, పట్టపు రాణులు, వేల పనులు ఉన్నవాడు, కడుపుకోతతో ఉన్న ఆడబిడ్డ ఇంట్లో నెలల తరబడి కూర్చున్నాడు.

ఫోన్ పెట్టేశాక నేను చేసింది ఒక్కటే. పొద్దున హైదరాబాద్ నుంచి బస్సెక్కాను. ఆత్మకూరులో నాలుగు రోజులు ఉన్నాను, ల్యాప్‌టాప్ అక్కడే పెట్టుకుని. ఉపన్యాసం ఏమీ ఇవ్వలేదు. తను కూరలు తరిగితే నేను కొబ్బరి కోరాను. మీ వీధిలో కూడా సరిహద్దు నుంచి ఫోన్ కోసం చూస్తున్న ఇల్లు ఒకటి ఉండే ఉంటుంది. సాయంత్రం ఓసారి తలుపు తట్టండి, వాళ్లు మాట్లాడకపోయినా కాసేపు కూర్చోండి.