నీరు తీసిన చోట

శ్రీశైలము జలాశయపు నిండు మట్టము 885 అడుగులు. 1981లో ఆ నీరు నిలువగా అప్పటి కర్నూలు, మహబూబునగరు జిల్లాలలో సుమారు 100 గ్రామములు మునిగిపోయెను. ఎండలు ముదిరి నీరు బాగుగా తీసిన యేండ్లలో కొన్నిటి పునాదులు బయటపడును. అప్పుడు ఆ యూళ్లలో పుట్టి, నేడు అరువది దాటినవారు మనుమలను వెంటబెట్టుకొని పోయి, పగుళ్లువారిన ఒండ్రులో తమ యిల్లు వెదకుదురు. ఇది వాకిలి, ఇది పొయ్యి యుండిన మూల, అని కాలితో గీత గీసి చూపుదురు.

ఇట్టి దుఃఖము విశ్వాసికి తగునా యని కొందరందురు. లోతు భార్యను చూపి వారి నోరు మూయింతురు. ఇది మాకు సరియని తోచదు. ఆమె విడిచి పొమ్మన్న దానిని విడువలేక వెనుక చూచెను. వీరో, ఊరే తమ్మును విడిచిపోగా నిలిచినవారు. నెహెమ్యా తన పితరుల సమాధులున్న పట్టణము పాడైనదని రాజు ఎదుటనే విచారముతో నిలిచెను. దానికై దేవుడతని గద్దించినట్లు ఎక్కడను వ్రాయబడలేదు.

మాకు భయము కలిగించునది మరియొకటి. జ్ఞాపకము తీపియైన దానినే యేరుకొనును. ఇశ్రాయేలీయులు అరణ్యములో ఐగుప్తు చేపలను, దోసకాయలను తలంచుకొని యేడ్చిరి. ఇటుకల పని ఆ యేడ్పులో లేదు. మన పెద్దలును చింతచెట్టు నీడను, కృష్ణలో పట్టిన చేపలను చెప్పుదురు. మన పేట ఊరికి వెలుపల నుండెననియు, ఊరిబావిలో మనవారు చేద వేయకూడదనియు, పోయువారి దయకొరకు కడవతో ఎండలో నిలిచిరనియు, మనుమడు గుచ్చి అడిగిననే గాని చెప్పరు. (కొందరు అడిగినను చెప్పరు.) ఆ మాట దాచినయెడల పిల్లవానికి చిక్కునది గోడకు తగిలించు పటమే గాని మనమున్న యిల్లు కాదు.

పట్టా గలవారి నష్టము కాగితములలో నున్నది. పాత గుళ్లలో కొన్నిటిని రాతికి రాయి విప్పి ఎత్తున మరల కట్టిరి. కూడవెల్లి సంగమేశ్వరాలయము అట్లే అలంపురము చేరెను. మంచిపనియే. భూమి లేక కూలికి పోయినవారి మట్టిగోడలకు ఆ లెక్క లేదు, దస్తావేజు లేదు. ముసలమ్మ నోటిమాటయే దానికి దాఖలా. అందులో సగము ఆమెయే కొట్టివేసిన, తక్కిన సగమును రేపు ఎవరు నమ్ముదురు?

వానకాలమున ఎగువనుండి వరద వచ్చి ఆ పునాదులు మరల మునుగును. వేసవిలో అక్కడికి పోయి వచ్చినవారు మన సంఘములలో నున్నారు. ఊరిబావి ఎక్కడ నుండెనో కూడ పిల్లలకు చూపిరా యని వచ్చే ఆదివారము ఆరాధన పిమ్మట వారిని అడుగుదము.