పేరు – పిలుపు

తెలుగునాట క్రొత్తవాడెవడైన ఊరిలోనికి వచ్చినచో "ఏ ఊరు నాయనా?" అని ముందుగా అడుగుదురు. తరువాత "ఇంటిపేరేమి?" అని అడుగుదురు. అప్పటికిని సంగతి తేలనిచో "మీరేమిట్లు?" అను మూడవ ప్రశ్న వచ్చును. మూడును మర్యాదగనే వినబడును. కాని అడుగువాడు తెలిసికొనగోరునది ఒక్కటే. ఈ మనిషిని అరుగుమీద కూర్చుండుమనవలెనా, వాకిట నిలువబెట్టి మాటాడవలెనా అనునదే ఆ సంగతి. కావున పేరులను గూర్చిన విచారణ కేవలము భాషకు సంబంధించినది కాదు, ధర్మమునకు కూడ సంబంధించినది. బసవేశ్వరుని మార్గమును నమ్మితిమని చెప్పుకొను మనకు అది మరింత అవసరము.

ముందు ఇంటిపేరుల పుట్టుకను చూతము. తెలుగువారి ఇంటిపేరులలో పెక్కులు ఊళ్లనుండి పుట్టినవి. బసవపురాణమును ద్విపదలో రచించిన సోమనాథుని ఇంటిపేరు పాల్కురికి. అది నేటి జనగామ జిల్లాలోని పాలకుర్తి. బెల్లంకొండ అను ఇంటిపేరు విని, వారి పూర్వులు బెల్లమమ్మినవారు కాబోలునని తలచుట కలదు. నిజమునకు అది పల్నాడులో కోటగల ఒక ఊరు. సొంత ఊరిలోనున్నవానిని ఆ ఊరిపేరుతో పిలువవలసిన పనిలేదు. ఊరు విడిచి వేరొక చోటికి పోయినప్పుడే విడిచిన ఊరు పేరునకు ముందు వచ్చి నిలుచును. ఇట్టి ఇంటిపేరులలో అనేకము ఎన్నడో జరిగిన వలసకు మిగిలిన గురుతులు.

మరికొన్ని పేరులు వృత్తినుండి, వర్తకమునుండి, అధికారమునుండి వచ్చినవి. కన్నడదేశమున హుబ్బళ్ళి, ధార్వాడ ప్రాంతముల లింగాయత కుటుంబములలో మెణసినకాయి, ఉళ్ళాగడ్డి, అక్కి, బెల్లద అను ఇంటిపేరులు నేటికిని వినవచ్చును. అవి వరుసగా మిరపకాయ, ఉల్లిగడ్డ, బియ్యము, బెల్లము. అంగడి అనగా దుకాణమే. హిరేమఠ అనగా పెద్దమఠము. పాటిల్ అనునది గ్రామాధికారమును తెలుపును. బీదరు సరిహద్దున మా ప్రాంతమున మఠపతి అను ఇంటిపేరు గల జంగమ కుటుంబములు కలవు. ఇందు ఏ పేరును సిగ్గుపడదగినది కాదు. ప్రతి పేరు వెనుకను ఒక పని, ఒక చోటు, ఒక బ్రతుకుతెరువు ఉన్నది. మన గురువు పేరే చూడుడు. వృషభ శబ్దము ప్రాకృతమున వసహమై, కన్నడ తెలుగు భాషలలో బసవ అయినది. అది శివుని వాహనము పేరు, మన పొలములో కాడి మోయు ఎద్దు పేరు కూడ.

శరణుల పేరులకు వత్తము. బసవేశ్వరునికి పూర్వుడని చెప్పబడు మాదార చెన్నయ్య, కల్యాణమున నున్న డోహర కక్కయ్య ఇరువురును తోలుపని చేసినవారు. మడివాళ మాచయ్య చాకలి. అంబిగర చౌడయ్య పడవ నడిపినవాడు. నులియ చందయ్య గడ్డితో త్రాళ్లు పేనినవాడు. ఆయ్దక్కి మారయ్య నేలరాలిన బియ్యపుగింజలను ఏరుకొని దాసోహము నడపినవాడు. ఆయ్ద అక్కి అనగా ఏరిన బియ్యము. కులభేదమును కాదన్న ఈ మహానుభావుల పేరులలో వృత్తి చెరగక నిలిచియున్నది. వచనము చివర ఇష్టదైవము పేరును ముద్రగా నుంచుట వాడుక. బసవేశ్వరుని ముద్ర కూడలసంగమదేవ. అక్కమహాదేవి ముద్ర చెన్నమల్లికార్జున. చౌడయ్య మాత్రము అంబిగర చౌడయ్య అను తన పేరునే ముద్రగా నుంచెను. పడవవాడనను మాటను దాచుకొనలేదు సరికదా, దైవనామముండవలసిన చోట దానిని నిలిపెను.

ఈ సంగతులను తెలిసినవాడనను గర్వముతో నేనొక పిల్లవానికి నీతి చెప్పి, చివరకు వాని వద్దనే నీతి నేర్చుకొంటిని. ఉద్యోగములో చేరిన తొలి సంవత్సరములవి. పదవ తరగతి పరీక్షల దరఖాస్తులు నింపుచుంటిమి. ఒక విద్యార్థి అందరును వెళ్లువరకు ఆగి, తన ఇంటిపేరును వ్రాయవలదని నన్ను మెల్లగా వేడుకొనెను. అది తాతముత్తాతల వృత్తిని తెలుపు పేరు. నేను కక్కయ్యను, చౌడయ్యను ఉదాహరించి, పనిలో తక్కువ ఎక్కువలు లేవని, పేరు దాచుకొనుట పిరికితనమని చాలసేపు బోధించితిని. అంతయు విని అతడు తలవంచుకొని, "ఆయనను కక్కయ్య అని పిలిచిన్రు గద సార్. నన్నెవరు అట్ల పిలుస్తరు?" అనెను.

నాకు మాట రాలేదు. ప్రతి ఉదయము హాజరుపట్టీ చదువునప్పుడు నేను పిలుచుచున్న తీరు అప్పుడు నా చెవికి వినబడెను. పెద్దరైతు కొడుకును పాటిల్ అనుచుంటిని. జంగమయ్య కొడుకును స్వామీ అనుచుంటిని. ఈ పిల్లవానిని మాత్రము ఒరేయ్ అని, ఆపై ఇంటిపేరుతో పిలుచుచుంటిని. తరగతి నవ్వుచుండెను. ఆ నవ్వును నేను అల్లరిగా భావించితినేగాని, దానికి అనుమతి నానోటినుండియే వచ్చుచున్నదని ఎరుగనైతిని.

ఆనాటినుండి శరణుల పేరులను నేను వేరుగా చదువసాగితిని. అంతవరకు నేను పేరులోని మొదటిభాగమునే చూచితిని. ఆ పిల్లవాడు చివరిభాగమును చూచెను. మాచయ్య, చౌడయ్య, మారయ్య అను పేరులలో అయ్య కలదు. అప్పణ్ణ, బసవణ్ణ అను పేరులలో అన్న కలదు. అక్కమహాదేవి పేరున అక్క కలదు. వెలయాలి జీవితమును విడిచి శరణమార్గమునకు వచ్చిన సంకవ్వ పేరు చివర అవ్వ కలదు. అయ్య, అన్న, అక్క, అవ్వ అనునవి బంధువాచకములు. మొదటిభాగము వాడు ఎక్కడనుండి వచ్చెనో చెప్పును. చివరిభాగము వాడు మనకేమగునో చెప్పును. తోలుపనివానిని ఊరివెలుపల నుంచిన కాలమున, అతనిని అయ్యా అని పిలుచుటకు సామాన్యమైన ధైర్యము చాలదు. బసవేశ్వరుడు ఇంకను ముందుకుపోయి, చెన్నయ్య కక్కయ్యల ఇండ్లలోని సేవకుల సంతానముగా తన్ను తాను వచనములో చెప్పుకొన్నాడు. ఉపనయనమును కాదని గోత్రమును విడిచినవాడు తిరిగి ఎన్నుకొన్న వంశమిది.

కాబట్టి శరణులు తమ వృత్తినామమును సిగ్గులేక ధరింపగలుగుటకు వారి ధీరత్వమొక్కటే కారణము కాదు. ఆ పేరును గౌరవముతో పిలుచు సంఘము వారి చుట్టు నుండెను. అట్టి సంఘమును కల్పింపక, "నీవు చౌడయ్యవలె తలయెత్తుకొని తిరుగుము" అని బాధపడువానికి బోధించుట న్యాయముకాదు. ఇంటిపేరు మార్చుకొనువానిని, పొడియక్షరముతో సరిపెట్టుకొనువానిని పిరికివాడనుటకు ముందు, ఆ పేరును పలికిన నోళ్లను పరీక్షింపవలెను. తప్పు పేరులో లేదు, ధరించినవానిలోను లేదు, పిలుపులో ఉన్నది.

"అయ్య అను ప్రత్యయము నేడు అందరి పేరులకును ఉన్నదే, దానివలన ఏమి మారినది?" అని కొందరు అడుగవచ్చును. నిజమే. హాజరుపట్టీలో చెన్నయ్య అని వ్రాసియున్నవానిని వీధిలో చెన్నిగాడని పిలుచు నోరు కలదు. ప్రత్యయము కాగితముమీద నిలుచును, గౌరవము నాలుకమీద నిలువవలెను. శరణులు పెట్టిన బంధువాచకమును మనము ఉత్త అక్షరములుగా మిగిల్చితిమి.

మన ఇండ్లలోని సంగతియు చెప్పుకొనక తప్పదు. ఇష్టలింగధారణమైన పిదప పూర్వకులమును అడుగరాదని పిల్లలకు చెప్పుదుము. పెండ్లిసంబంధము వచ్చినప్పుడు మాత్రము ఇంటిపేరు వినినతోడనే ఎవరు పెద్ద, ఎవరు చిన్న అని లెక్కవేయుదుము. బ్రాహ్మణుడైన మధువరసుని ఇంటికిని, చెప్పులు కుట్టు హరళయ్య ఇంటికిని వియ్యము కలిపినందులకు కల్యాణమున రక్తము చిందినదని సంప్రదాయము చెప్పుచున్నది. ఆ కథను పురాణకాలక్షేపమున కన్నీటితో విని, ఇంటికి వచ్చి "వారేమిట్లు?" అని అడుగుట మనకు తగునా?

హరళయ్యను గూర్చి మరియొక కథ వాడుకలో నున్నది. దారిలో ఎదురైన బసవేశ్వరునికి అతడు శరణు అని నమస్కరింపగా, బసవేశ్వరుడు శరణు శరణార్థి అని రెండుమార్లు బదులు పలికెనట. తనకు దక్కిన ఆ ఎక్కువ మాటను ఋణముగా తలచి, హరళయ్య దంపతులు తమ తొడల చర్మముతో పాదరక్షలు కుట్టి తెచ్చిరట. ఒక్క మాట అధికముగా పలికినందులకు అంతటి కృతజ్ఞత కలిగినదన్నచో, అంతకుముందు అతడెంత కరవైన పిలుపులు వినియుండెనో ఊహించుకొనవచ్చును.

ఆ విద్యార్థి దరఖాస్తులో ఇంటిపేరు విడుచుటకు వీలులేకపోయెను. మరునాటినుండి నేను తరగతిలో అందరిని పెట్టినపేరుతోనే, చివర అయ్యా అనియు అమ్మా అనియు చేర్చి పిలువసాగితిని. అతడు ఆ మార్పును గమనించెనో లేదో తెలియదు. ఆ పేరు వచ్చినప్పుడు తరగతి నవ్వుట మాత్రము కొన్నాళ్లకు మానినది.

బిడ్డలకు బసవయ్య, సంగమేశ్వరుడు, మహాదేవి అని పేరులు పెట్టుట మంచిదే. అంతకన్న ముందు ఇంటికి వచ్చు చాకలిని, చెప్పులు కుట్టువానిని, పాలేరును మనమెట్లు పిలుచుచున్నామో ఆ బిడ్డలు వినుచున్నారని గుర్తుంచుకొందము. పేరు పెట్టుట ఒకనాటి పండుగ. పిలుచుట దినదినము చేయవలసిన పూజ.

శరణు శరణార్థి.